పందొమ్మిది బారల లోతు

లోకాల మధ్య ఉండే ఆ సముద్రానికి అడుగు లేదని అందరి నమ్మకం. ఊరికే నమ్మడం కాదు, రోజూ కొలిచి మరీ రాసుకునేవారు. ఆ కొలిచి రాసే పని లోతులమ్మది.

సర్వే పడవ ప్రతి ఉదయం పదింటికి తెరచాప దించి ఆగాలి. సీసపు గుండు కట్టిన తాడును నీళ్ళలోకి వదలాలి. రెండు వందల బారలు దిగినా గుండుకు ఏమీ తగలకపోతే, పైకి లాగి రిజిస్టరులో ‘అడుగు తగల్లేదు’ అని రాయాలి. దీవుల గట్ల పక్కన తప్ప ఇంకెక్కడా ఏమీ తగిలేది కాదు. ముప్ఫై ఒక్క ఏళ్ళ సర్వీసులో ఆవిడ ఆ రెండు ముక్కలూ పదివేలసార్లు రాసి ఉంటుంది. “లేదు అని రాయడానికి ఒక మనిషిని పెట్టుకున్న ఆఫీసు మనదొక్కటే,” అని ఆవిడ అన్నయ్య ఏడిపించేవాడు.

అది నల్లటి నీళ్ళ సముద్రం. పైన ఎన్ని నక్షత్రాలు ఉంటాయో నీళ్ళ కింద కూడా అన్ని నక్షత్రాలు ఉంటాయి. అవి పైవాటి నీడలు కావని పడవల మీద బతికేవాళ్ళందరికీ తెలుసు. ఒక్కో లోకం అందులో ఒక్కో దీవి. దీవి నుంచి దీవికి పడవలు తిరుగుతాయి, ఉత్తరాలు వెళ్తాయి, బట్టల మూటలు వెళ్తాయి, కొత్తగా పెళ్ళైనవాళ్ళు వెళ్తారు.

లోతులమ్మ అన్నయ్య పటాలు గీసేవాడు. ఆఫీసు రెండో అంతస్తులో కిటికీ పక్కన ఏటవాలు బల్ల, మూడు రంగుల సిరాసీసాలు, ఇత్తడి వృత్తలేఖిని, మోచేతి దగ్గర అరిగిపోయిన గుడ్డ. పడవలవాళ్ళు తెచ్చిన కొలతలన్నీ ఆయన బల్ల మీదకే వచ్చేవి. అవి చూసి నలభై ఏళ్ళుగా సముద్రాన్ని గీస్తున్నాడు గానీ, సముద్రం మీద కాలు పెట్టింది లేదు. రేవులో కట్టేసి ఉన్న పడవెక్కినా ఆయనకు కడుపులో తిప్పేది. పెళ్ళి చేసుకోలేదు. భర్త పోయాక లోతులమ్మ ఆయన ఇంటికే వచ్చేసింది. ఇద్దరూ ఒకే వంటగదిలో, ఒకరు వండుతుంటే ఒకరు కూరలు తరుగుతూ, రోజంతా జరిగింది చెప్పుకునేవారు.

ఆయన బల్ల మీది పెద్ద పటంలో ఒకచోట అరచేయంత ఖాళీ ఉండేది. దాని పేరు కదలని మడుగు. దాన్ని తప్పించుకోవడానికి పడవలన్నీ రెండు రోజులు చుట్టు తిరిగి వెళ్ళేవి. నలభై ఏళ్ళ కిందట ఒక పడవ పొరపాటున అందులోకి వెళ్ళి ఇరుక్కుపోయింది. అంచు దగ్గర నుంచి ఇంకో పడవ తాళ్ళు విసిరి దాన్ని లాగింది. రెండుసార్లు తాళ్ళు తెగాయి. మూడోసారి, లాగేవాళ్ళు అలిసిపోయి చేతుల్లో సత్తువ లేకుండా లాగుతున్నప్పుడు, ఆ పడవ బయటికొచ్చింది. నాచు పట్టేసి ఉంటుందని అందరూ సరిపెట్టుకున్నారు.

కానీ ఇరుక్కున్న పడవలో తెడ్డు వేసినవాడొకడు అలా సరిపెట్టుకోలేదు. అక్కడ అలలు లేచి లేచినట్టే నిలబడి ఉన్నాయనీ, తన తెడ్డు దెబ్బకు చిమ్మిన నీళ్ళు మళ్ళీ కింద పడలేదనీ చెప్పాడు. బతికినంతకాలం అదే చెప్పాడు. ఊరంతా ఆయన్ని కోతల తాత అని పిలిచింది. ఆయన పిల్లలు కోతలవాళ్ళ పిల్లలయ్యారు. ఆ పిల్లల్లో ఒకడు పెద్దయ్యాక సర్వే పడవను నడిపే సరంగు అయ్యాడు.

రిటైరవడానికి ఎనిమిది నెలలు ఉందనగా, ఒక సాయంత్రం అన్నయ్య ఉల్లిపాయలు తరుగుతూ తరుగుతూ ఆగాడు.

“నేనొకసారి అక్కడికి వెళ్ళొస్తాను,” అన్నాడు.

“ఎక్కడికి?”

“ఆ మడుగు దగ్గరికి. చూడకుండా అక్కడ కలం పెట్టలేను. పెట్టకుండా వదిలేసి వెళ్ళనూ లేను.”

లోతులమ్మ పొయ్యి తగ్గించింది. “రేవు మెట్ల మీద నిలబడితేనే నీకు కళ్ళు తిరుగుతాయి.”

“తిరగనీ. బకెట్టు తెచ్చుకుంటాను.”

సరంగును అడగడానికి ఇద్దరూ కలిసి వెళ్ళారు. ఆయన తాడు ముడి వేస్తూ వేస్తూ మొత్తం విన్నాడు. పెద్దగా మాట్లాడే మనిషి కాదు. “పై అధికారి ఒప్పుకున్నా వస్తాను, ఒప్పుకోకపోయినా వస్తాను. మా నాన్న చెప్పిన దారి నాకు తెలుసు,” అన్నాడు. అధికారి పద్ధెనిమిది రోజులకు నీళ్ళూ తిండీ రాసిచ్చి, ఒక్క రోజు కూడా మించకూడదన్నాడు. సరంగుతో పాటు తెడ్డు వేయడానికీ వంటకూ ఆయన భార్య బయల్దేరింది. ఆయన మాట్లాడని మాటలన్నీ ఆవిడే మాట్లాడేది.

వెళ్ళడానికి ఆరు రోజులు పట్టింది. ఆ ఆరు రోజులూ అన్నయ్య బకెట్టు వదల్లేదు. మొహం పాలిపోయింది, కళ్ళు లోపలికి పోయాయి.

“అన్నయ్యగారూ, ఇది మీరు గీసిన సముద్రమే కదా,” అంది సరంగు భార్య, ఆయన నుదురు తడిగుడ్డతో తుడుస్తూ. “ఆ గీసేదేదో కాస్త మెత్తగా గీసి ఉండొచ్చుగా.”

ఆయన నవ్వబోయి మళ్ళీ బకెట్టు మీదకు వంగాడు.

ఏడో రోజు ఉదయం, కోతల తాత చెప్పినట్టే ఎర్ర నక్షత్రాన్ని ఎడమ భుజం మీదుగా పెట్టుకుని వెళ్తుండగా, చప్పుడు తగ్గడం మొదలైంది. ముందు గాలి తగ్గింది. తర్వాత పడవ చెక్కల కిర్రు తగ్గింది. ఆ కిర్రును తాను ముప్ఫై ఏళ్ళుగా వింటున్నానని లోతులమ్మకు అది ఆగిపోయాకే తెలిసింది. సరంగు తెరచాప దించేశాడు. పడవ తన ఊపు మీద తానే మెల్లగా సాగుతోంది.

నీళ్ళ మీద ఒక హద్దు కనిపించింది. హద్దుకు ఇవతల అలలు లేస్తున్నాయి, పడుతున్నాయి. అవతల లేచిన అల లేచినట్టే ఉంది. దాని అంచున నురగ, నురగ పైన గాల్లో చిన్న చిన్న బొట్లు, ఏ బొట్టు ఉన్నచోట ఆ బొట్టే. ఇంకా లోపలికి చూస్తే అలలు కూడా లేవు. చూపు ఆనినంత దూరం నల్లటి నేల పరిచినట్టుంది. అన్నిటికన్నా వింత ఏమిటంటే, కింద నక్షత్రాలు లేవు. పుట్టిన దగ్గర నుంచి నీళ్ళలోకి తొంగి చూసినప్పుడల్లా కనిపించే వెలుగులు అక్కడ ఒక్కటీ లేవు.

పడవ హద్దు దాటింది. ఇరవై ముప్ఫై పడవల పొడవు లోపలికి జారి, ఎవరో అరచేత్తో ఆపినట్టు ఆగింది.

 

కాసేపటికి అన్నయ్య లేచి నిలబడ్డాడు. ఒక చేత్తో తెరచాప కొయ్య పట్టుకున్నాడు, తర్వాత వదిలేశాడు. పడవలో ఆ మూల నుంచి ఈ మూల వరకు నడిచాడు. ఆయన బుగ్గల్లోకి రంగు వచ్చింది.

“తినడానికి ఏమన్నా ఉందా అమ్మా?” అని సరంగు భార్యను అడిగాడు.

ఆవిడ పెట్టిన రొట్టెలు నాలుగూ తిని, నీళ్ళు తాగి, పడవ అంచున కూర్చుని, చిన్నపిల్లాడు బొమ్మల కొట్టు చూసినట్టు చూస్తూ ఉండిపోయాడు.

సరంగు మాత్రం వెనక్కి వెళ్ళే దారి సరిచూసుకుందామని తెడ్డు తీశాడు. గట్టిగా ఒక దెబ్బ వేశాడు. బండను కొట్టినట్టు చేతులు జివ్వుమన్నాయి. నాలుగు చుక్కలు చిమ్మి, నీళ్ళ మీద జానెడెత్తున గాజు పువ్వులా నిలబడిపోయాయి. పడవ వెంట్రుకవాసి కూడా కదల్లేదు. ఇంకోటి వేశాడు. ఇంకోటి. భార్య రెండో తెడ్డు అందుకుంది. ఇద్దరూ అరగంట సేపు చెమటలు కక్కుతూ వేశారు. పడవకు రెండు పక్కలా గాజు పూల గుంపు లేచింది తప్ప ఇంకేమీ జరగలేదు.

అప్పుడు అన్నయ్య చెయ్యెత్తి చూపించాడు. “సరంగూ, అవెవరివి?”

పడవకు కొంచెం ముందు, కుడివైపుగా, రెండు వరసల్లో అలాంటి పూలే ఉన్నాయి. పాతవి. అంచులు కాస్త కుంగి గుండ్రమయ్యాయి. పడవ ఇంకా ఊపు మీద జారుతుండగా వేస్తూ పోయిన దెబ్బల్లా, ఒక పడవ వెడల్పు ఎడం ఉంచుకుని, జంటలు జంటలుగా లోపలికి సాగిపోతున్నాయి. కుడి వరసలోవి నిండుగా ఉన్నాయి. ఎడమ వరసలో ప్రతి పువ్వుకూ నడిమధ్యలో ఒక చీలిక ఉంది.

సరంగు తెడ్డు కింద పెట్టేశాడు. చాలాసేపు వాటినే చూశాడు.

“మా నాన్న ఎడమవైపు కూర్చునేవాడు,” అన్నాడు. “ఆయన తెడ్డు కొన చీలిపోయి ఉండేది. ఇప్పటికీ మా ఇంట్లో ఉంది ఆ తెడ్డు.”

 భార్య దగ్గరికి వచ్చి భుజం మీద చెయ్యి వేసింది.

“చిన్నప్పుడు బళ్ళో ఆయన మాట మీద రెండుసార్లు పళ్ళు రాలగొట్టుకున్నాను,” అన్నాడు సరంగు. “మూడోసారి నాక్కూడా అనుమానమొచ్చి కొట్లాడ్డం మానేశాను. అది ఆయనకి తెలుసు. ఏమీ అనలేదు.”

ఆ రోజంతా అలాగే గడిచింది. తెడ్లు పనిచేయవు, గాలి లేదు, తాడు విసిరే పడవ బయట లేదు. పీపాల్లో పదకొండు రోజుల నీళ్ళున్నాయి, ఇంటికి ఆరు రోజుల దారి.

మర్నాడు ఉదయం పదయ్యేసరికి లోతులమ్మ గుండు తీసి, దాని అడుగున ఉండే గుంటలో మైనం నింపింది. గట్ల దగ్గర అడుగు తగిలినప్పుడు ఆ మైనానికి ఇసుకో గుల్లో అంటుకుని వస్తుంది. మిగతాచోట్ల అంటుకునేదేమీ ఉండదు, అయినా నింపాలి.

“ఇప్పుడు కూడానా అక్కా?” అంది సరంగు భార్య.

“పదైంది కదా మరి,” అంది లోతులమ్మ.

గుండును ఎప్పటిలాగే విసిరింది. అది ఠంగుమని నీళ్ళ మీద పడి, అక్కడే కూర్చుంది. సీసం నీళ్ళ మీద కూర్చోవడం ఆవిడ ఎన్నడూ చూడలేదు. పడవ అంచు మీద నుంచి వంగి, గుండు మీద అరచెయ్యి ఆనించింది. నొక్కలేదు. ఏం చెయ్యాలో తోచక ఊరికే ఆనించి ఉంచింది. కొంతసేపటికి చెయ్యి చల్లబడినట్టు అనిపించి చూసుకుంటే, మణికట్టు దాకా నీళ్ళలో ఉంది. గుండు దిగుతోంది.

ఆవిడ గబుక్కున తాడు వదలబోయింది. గుండు ఆగిపోయింది. మళ్ళీ ఓపిగ్గా, వేళ్ళ మధ్య నుంచి తాడు జారుతోందో లేదో తెలియనంత మెల్లగా వదిలింది. గుండు మళ్ళీ దిగింది.

“సరంగూ,” అంది, తల తిప్పకుండానే. “ఇది తొందరకి లొంగదు. నెమ్మదిగా వెళ్తే దారిస్తోంది.”

సరంగు నమ్మలేదు గానీ, ఆయన భార్య తెడ్డు తీసుకుని నీళ్ళకు ఆనించింది. అది వెన్నలోకి దిగినట్టు తనంత తాను మునిగేదాకా ఆగింది. తర్వాత లాగింది. మామూలుగా ఒక దెబ్బకు పట్టే సమయంలో నూరోవంతు కూడా జరగలేదు తెడ్డు. కానీ పడవ కదిలింది. బెత్తెడు దూరం. సరంగు కళ్ళారా చూశాడు.

“పసిబిడ్డ లేవకుండా పక్కలోంచి చెయ్యి తీసుకోవడం లాంటిదే ఇదీ,” అంది ఆవిడ. “నీకు రాదులే. ఏ బిడ్డనీ ఎప్పుడూ అలా పడుకోబెట్టలేదుగా.”

మడుగులోకి వచ్చాక ఆ పడవలో మొదటిసారి నవ్వు వినిపించింది. ఇక బతికి బయటపడతామన్న ధైర్యం వచ్చింది. వెంటనే బయల్దేరదామని సరంగు అన్నాడు. గుండు పైకి తీసేదాకా ఆగమంది లోతులమ్మ. అప్పటికి అది నాలుగు బారలు దిగింది.

మధ్యాహ్నం దాటింది. తాడుకు బారకొకటిగా ఉన్న ముడులు ఒక్కొక్కటే ఆవిడ వేళ్ళ మధ్య నుంచి జారి నీళ్ళలోకి వెళ్ళాయి. పది. పద్నాలుగు. పద్ధెనిమిది. నాలుగ్గంటలప్పుడు, పందొమ్మిదో ముడి పడవ అంచు దగ్గర ఉండగా, ఆవిడ చెయ్యి ఆగిపోయింది.

అన్నయ్య ఆవిడ మొహం చూసి దగ్గరికి వచ్చాడు. “ఏమైంది?”

 గట్ల పక్కన ఇసుకను తాకితే తాడులో ఎలా తెలుస్తుందో, రాయిని తాకితే ఎలా తెలుస్తుందో ఆవిడ వేళ్ళకు కంఠతా వచ్చు. ఇది రెండూ కాదు. ఒకరి ఒళ్ళు తగిలినట్టు, మెత్తగా తగిలింది.

“తగిలింది,” అంది. “అన్నయ్యా, అడుగు తగిలింది.”

గుండును పైకి తీసేసరికి రాత్రి భోజనాల వేళయింది. మైనానికి ఇసుక లేదు, గుల్ల లేదు. గుంటలోని మైనం సగం కరిగి అంచులకు కారి, మళ్ళీ గట్టిపడి ఉంది. నలుగురూ దాన్ని చేతులు మార్చుకుంటూ చూశారు. చల్లటి నీళ్ళలో పందొమ్మిది బారల కింద ఏదో వెచ్చగా ఉంది.

మర్నాడు మళ్ళీ దించింది. ఈసారి పైకి తీయకుండా, గుండు అడుగును తాకి నిలబడేలా పెట్టి, తాడును బిగువుగా రెండు వేళ్ళ మధ్య పట్టుకుని కూర్చుంది. పడవ అంచుకు సరిగ్గా ఎక్కడ ఆనిందో అక్కడ అన్నయ్య ఎర్ర సిరాతో తాడు మీద గీత పెట్టాడు. గంట గడిచింది. రెండు గంటలు. తాడు ఒక పిసరు వదులయింది. ఆవిడ దాన్ని బిగువు చేసింది. ఎర్ర గీత పడవ అంచుకు కొంచెం పైకి వచ్చింది.

“నువ్వు లాగావేమో,” అన్నాడు అన్నయ్య.

“నేను లాగలేదు. కింద నేల పైకి వస్తోంది.”

ఆయన కూర్చుని లెక్క వేశాడు. రోజుకు అర వేలి మందం. అప్పుడు ఏదో తట్టినట్టు లేచి, తన సంచిలోంచి ఆటుపోట్ల పట్టికలు తీశాడు. ఆ సముద్రంలో ఏ దీవి ఒడ్డునైనా పదకొండు రోజులు నీళ్ళు పైకి వస్తాయి, పదకొండు రోజులు వెనక్కి పోతాయి. వెయ్యి దీవుల్లో ఒకే రోజు, ఒకే గంటకు. ఎందుకో ఎవరికీ తెలియదు. పట్టిక మాత్రం ఎప్పుడూ తప్పదు. ఆయన వేలు కాగితం మీద జరుగుతూ జరుగుతూ ఒకచోట ఆగింది. 

“ఎల్లుండి పొద్దున తొమ్మిదిన్నరకి పోటు ఆగి ఆటు మొదలవ్వాలి,” అన్నాడు. “ఆ టైముకి ఈ గీత ఏం చేస్తుందో చూడాలి.”

“ఎల్లుండి దాకా కూర్చుంటే నీళ్ళు చాలవు,” అన్నాడు సరంగు.

“సరంగూ, నా జన్మలో నేను ఎవర్నీ ఏదీ అడగలేదు.”

సరంగు పీపాల దగ్గరికి వెళ్ళి, మూతలు తీసి, కర్రతో కొలిచి వచ్చాడు. తర్వాత పాత పూల వరస వైపు ఒకసారి చూశాడు.

“మొహం కడుక్కోవడం మానేస్తే చాలుతాయి,” అన్నాడు.

ఆ రెండు రోజులూ వాళ్ళు వంతులవారీగా తాడు పట్టుకున్నారు. పెద్దగా మాట్లాడుకోలేదు. మాట్లాడినా గొంతు తగ్గించే మాట్లాడుకున్నారు. ఎవరు చెప్పారని కాదు, అలా కుదిరిపోయింది. మూడో రోజు ఉదయం తొమ్మిదింటికల్లా నలుగురూ ఆ తాడు చుట్టూ చేరారు. అందరి వేళ్ళూ దాని మీద ఉన్నాయి. అన్నయ్య జేబు గడియారం బల్ల మీద ఉంది.

తొమ్మిదీ ఇరవైకి తాడు ఇంకా వదులవుతూనే ఉంది. తొమ్మిదీ ఇరవై ఎనిమిదికి ఆగింది.

అది ఎంతసేపు ఆగిందో తర్వాత నలుగురూ నాలుగు రకాలుగా చెప్పారు. గడియారం ప్రకారం నాలుగు నిమిషాలు. ఆ నాలుగు నిమిషాల్లో, అంత పెద్ద సముద్రంలో, వెయ్యి దీవుల ఒడ్డున నీళ్ళు ముందుకూ వెనక్కూ వెళ్ళకుండా నిలబడి ఉంటాయని అన్నయ్యకు తెలుసు. ఒడ్డున ఆడుకునేవాళ్ళు, వలలు ఆరబెట్టుకునేవాళ్ళు, రేవు మెట్లు దిగేవాళ్ళు, ఎవరూ గమనించి ఉండరు.  అప్పుడు తాడు ఆ నలుగురి వేళ్ళ కింద, చాలా మృదువుగా, బిగుసుకుంది. అడుగు కిందికి దిగడం మొదలుపెట్టింది.

మొదట మాట్లాడింది సరంగు భార్య.

“మా చిన్నదాన్ని పొట్ట మీద పడుకోబెట్టుకునేదాన్ని అక్కా. ఇలాగే ఉండేది,” అంది మెల్లగా. “ఇది పడుకునుంది.”

సరంగు తన చేతిని తాడు మీద నుంచి తీసేశాడు. “లేస్తే?”

“మెల్లిగా మాట్లాడు,” అంది ఆవిడ.

అన్నయ్య కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. “నలభై ఏళ్ళుగా పట్టికలు రాస్తున్నాను,” అన్నాడు. “ఎవరి ఊపిరో తెలీకుండానే రాశాను.”

 లోతులమ్మకు ఏడుపు రాలేదు, భయం వేయలేదు. పదివేలసార్లు కింద ఏమీ లేదని రాసిన మనిషికి, కింద ఒకరున్నారని తెలిస్తే ఎలా ఉంటుందో చెప్పడానికి ఆవిడ దగ్గర మాట లేదు. రిజిస్టరు తెరిచి, ఆ రోజు గడిలో ‘పందొమ్మిది బారలు’ అని రాసింది. ఎలాంటి అడుగు అనే గడిలో ఇసుక, రాయి, బురద అని అచ్చు వేసి ఉంటుంది, దేనికో ఒకదానికి సున్నా చుట్టాలి. ఆవిడ మూడూ కొట్టేసి ‘వెచ్చన’ అని రాసింది.

బయటికి రావడానికి ఒకటిన్నర రోజు పట్టింది. సరంగు మొదట్లో ఓర్చుకోలేకపోయాడు. నాలుగు దెబ్బలు మెల్లగా వేసి, ఐదోది ఆత్రంగా వేసి, చేతులు అదిరి తిట్టుకునేవాడు. సాయంత్రానికి నేర్చుకున్నాడు. ఒక్కో దెబ్బకు ఒక పాట పాడుకునేంత సమయం పట్టేది. హద్దు దగ్గరికి వచ్చేసరికి అన్నయ్య ఒక్క నిమిషం ఆగమన్నాడు. తెరచాప కొయ్యకు ఆనుకుని వెనక్కి చూశాడు. తర్వాత బకెట్టు దగ్గరికి లాక్కుని, “ఇక పదండి,” అన్నాడు. ఆరు రోజులూ మళ్ళీ అదే అవస్థ. ఆఖరి రోజు మధ్యాహ్నానికి పీపాలు ఖాళీ అయ్యాయి. సాయంత్రం రేవు కనిపించేసరికి నలుగురి పెదాలూ పగిలి ఉన్నాయి.

అధికారి రిజిస్టరు చూసి, “పందొమ్మిది పక్కన సున్నా మర్చిపోయారా?” అని అడిగాడు. తర్వాత నలుగుర్నీ విడివిడిగా గదిలోకి పిలిచి అడిగాడు. ఆఖరున కరిగి గట్టిపడిన మైనాన్ని గోటితో గీరి చూసి, వచ్చే ప్రయాణానికి తానూ వస్తానన్నాడు. మడుగు మధ్య నుంచి అడ్డదారి తవ్వాలని వర్తకులు పెట్టుకున్న అర్జీ ఒకటి ఆయన బల్ల మీద రెండేళ్ళుగా పడి ఉంది. ఆయన చూసి వచ్చాక దాన్ని చించేశాడని గుమస్తాలు చెప్పుకున్నారు.

ఆ రెండో ప్రయాణానికే సరంగు వాళ్ళమ్మ కూడా వచ్చింది.

సంగతి తెలిసిన రోజు ఆవిడ ఉతికిన బట్టలు మడత పెడుతోంది. ఎనభై ఏళ్ళ మనిషి. కొడుకు ఎదురుగా కూర్చుని మొత్తం చెప్పాడు. ఆవిడ మడతలు ఆపలేదు.

“ఎడమవైపేనా?” అంది.

“ఎడమవైపే అమ్మా.”

“చీలిక ఉందా?”

“ప్రతిదానికీ ఉంది.”

ఆవిడ చేతిలోని చొక్కాను మడిచి, సరిగ్గా రాలేదని విప్పి, మళ్ళీ మడిచింది. “నన్ను తీసుకెళ్ళు,” అంది. ఈ వయసులో సముద్రమేమిటని ఇరుగుపొరుగు అన్నారు.  ఆవిడ చెప్పులు తుడుచుకుని రేవుకు వచ్చేసింది.

ఈసారి సరంగు హద్దు దగ్గర నుంచే మెల్లగా తెడ్డు వేశాడు. పడవ పాత పూల వరస పక్కకు చేరింది. అధికారి టోపీ తీసి చేత్తో పట్టుకుని నిలబడ్డాడు. ఆరు నెలలకు సరిపడా సామానుతో వచ్చిన అన్నయ్య, ఇక్కడే ఒక చిన్న పడవ వేసుకుని ఉండి కొలతలు రాస్తానని అనుమతి తెచ్చుకున్న అన్నయ్య, ఎక్కడ ఉండాలో చోటు వెతుక్కుంటున్నాడు. ముసలావిడ పడవ అంచు పట్టుకుని వంగి, మొదటి పువ్వు మీద చెయ్యి పెట్టింది. తొందరలేని చెయ్యి కాబట్టి మెల్లగా లోపలికి దిగింది.

“తడిగానే ఉంది,” అంది.

పడవ ఒక్కో పువ్వునూ దాటుకుంటూ సాగింది. ఆవిడ ఒక్కోదాన్నీ తాకుతూ, పెదాలు కదుపుతూ లెక్కపెట్టింది. ఒకచోట “ఇక్కడ కోపమొచ్చినట్టుంది, గట్టిగా వేశాడు,” అంది. ఇంకోచోట, పూలు చిన్నవైపోయినచోట, “ఇక్కడ అలిసిపోయాడు,” అంది. మధ్యాహ్నం మూడింటికి ఆఖరిది వచ్చింది. దాని తర్వాత నున్నటి నల్లటి నీళ్ళు.

“ఎన్నమ్మా?” అని అడిగాడు సరంగు.

“నూట ముప్ఫై ఎనిమిది. నాతో రెండొందలు వేశానన్నాడు.” ఆవిడ తడిచేతిని కొంగుతో తుడుచుకుంది. “పోన్లే. ఆ మాత్రం కోస్తాడు.”

సరంగు మొహం పక్కకు తిప్పుకున్నాడు. ఆయన భార్య మాత్రం నవ్వింది. ముసలావిడ కూడా నవ్వింది. నవ్వుతుండగానే ఆవిడ కళ్ళు నిండాయి. అలాగే వాటిని తుడుచుకోకుండా చాలాసేపు కూర్చుంది.

లోతులమ్మ అప్పటికే గుండు దించి ఉంచింది. తాడు తెచ్చి ముసలావిడ చేతిలో పెట్టి, రెండు వేళ్ళతో ఎలా పట్టుకోవాలో చూపించింది. అది ఆటు మొదలైన ఎనిమిదో రోజు. కింద ఉన్నది ఊపిరి వదులుతోంది.

“తెలుస్తోందా అత్తయ్యా?” అని సరంగు భార్య కాసేపాగి అడిగింది.

 ముసలావిడ కళ్ళు మూసుకుని, తల కొంచెం పక్కకు వంచి, తాడు మీద వేళ్ళు సర్దుకుంది. “ఉండు,” అంది. పడవలో ఎవరూ ఆవిడను తొందరపెట్టలేదు.